నిండు నారింజ రంగు లైకెన్ మరిగిస్తే ఏమీ రాలేదు, బూడిద రంగుదాని నుంచి ఊదా వచ్చింది. ఎందుకు?

రాళ్ళబాట

అందరికీ నమస్కారం. కెమిస్ట్రీ తెలిసినవాళ్ళు ఎవరైనా ఉంటే కాస్త విడమరిచి చెప్పండి, చాలా రోజులుగా ఇదే తలలో తిరుగుతోంది.

నాకు రాళ్ళమీద, బెరడుమీద పెరిగే లైకెన్లంటే (శిలీంధ్రం, నాచులాంటి శైవలం కలిసి బతికేవి) ఇష్టం, జేబులో భూతద్దం లేకుండా బయటికి వెళ్ళను. వీటినుంచి రంగు తీసి దారానికి అద్దొచ్చని చదివి నేనూ మొదలుపెట్టాను. కొమ్మతో పాటు విరిగిపడ్డవి, రాయి పెచ్చుతో పాటు ఊడొచ్చినవి మాత్రమే ఏరుకున్నాను, బతికున్నవాటిని గీకలేదు.

రెండు రకాలు దొరికాయి. ఒకటి గ్జాంథోరియా, ఇందులో నాకు అనుమానం లేదు, ముట్టుకుంటే చేతికి అంటుకుంటుందేమో అన్నంత నారింజ. రెండోది బూడిద రంగుది, ఎండిన తోలుముక్కలా ఉంటుంది, మధ్యలో ఒక్కచోటే రాయిని పట్టుకుని ఉంటుంది, తిప్పి చూస్తే అడుగు నల్లగా. పుస్తకంలో బొమ్మలతో పోల్చుకుంటే అంబిలికేరియా అనిపించింది.

నారింజదాన్ని గంటన్నర నీళ్ళలో మరిగించాను. పలచటి గోధుమ నీళ్ళు వచ్చాయి, ఉన్ని దారం ముంచితే మురికి పట్టినట్టు అయింది, అంతే. లైకెన్ ముక్కలు మాత్రం అంత మరిగినా ఇంకా నారింజగానే ఉన్నాయి! బూడిదదాన్ని పొడి చేసి, అమ్మోనియా కలిపిన నీళ్ళలో వేసి, సీసాకి మూత పెట్టి రోజూ నాలుగైదు సార్లు కుదుపుతూ వచ్చాను. మూడు రోజులు మట్టినీళ్ళలాగే ఉంది, పారబోద్దామనుకున్నాను. నాలుగో రోజు పొద్దున చూస్తే నీళ్ళు గాలికి తగిలే చోట, సీసా అంచు చుట్టూ, దారమంత సన్నగా ఒక ఎర్రటి గీత. మూడు వారాలకి సీసా అంతా నేరేడు పండు పిండినట్టు అయిపోయింది. దారం ముంచితే కళ్ళు చెదిరే ఊదా వచ్చింది.

అసలు రంగే లేనిదాంట్లోంచి అంత రంగు ఎలా వచ్చింది, కళ్ళముందు కనిపిస్తున్న రంగు ఎందుకు రాలేదు? ఇంకోటి కూడా. అదే నారింజ లైకెన్ బండకి నీడవైపున పచ్చటి బూడిద రంగులో ఉంది. ఒకటే జాతి అయితే రంగు ఎందుకు మారింది?


పచ్చనాచు

నాకు తెలిసి లైకెన్ రంగులన్నీ లోపలుండే శైవలం వల్లే వస్తాయి కదా. నీడలో శైవలం ఎక్కువ పెరుగుతుంది కాబట్టి పచ్చగా కనిపిస్తుందేమో. మరిగిస్తే పత్రహరితం పాడైపోతుంది, అందుకే రంగు రాలేదనుకుంటా.


వలయం_ఆరు

పచ్చనాచు గారూ, చిన్న సవరణ. శైవలానివి ఆకుపచ్చ ఛాయలు, దాని బదులు సయనోబ్యాక్టీరియా (వెలుతురుతో ఆహారం చేసుకునే బ్యాక్టీరియా) ఉన్నవాటిలో ముదురు నీలి నలుపు. పసుపు, నారింజ, ఎరుపు, గోధుమ ఇవి దాదాపు అన్నీ శిలీంధ్రం తయారుచేసేవే. వాన పడగానే బూడిద లైకెన్ నిమిషాల్లో పచ్చబడటం చూసే ఉంటారు. కొత్తగా ఏదో తయారై కాదు అది, పై పొర తడిసి పారదర్శకంగా మారితే కింద ఉన్న శైవలం బయటికి కనిపిస్తుంది. ఎండాక ఆ పొర మళ్ళీ మసకబారుతుంది.

ఇప్పుడు రాళ్ళబాట గారి ప్రశ్న. మీరు అడిగినదాంట్లోనే జవాబు సగం ఉంది, "మరిగినా ముక్కలు ఇంకా నారింజగానే ఉన్నాయి" అన్నారు చూడండి, అది. రంగు పాడవలేదు, బయటికి రాలేదు. ఆ నారింజ పదార్థం పేరు పరైటిన్, ఆంత్రాక్వినోన్ అనే రంగు పదార్థాల కుటుంబానికి చెందినది. అది నీళ్ళలో దాదాపు కరగదు. లైకెన్ పదార్థాల్లో ఎక్కువ వాటి తీరు ఇదే. అవి కణం లోపల దాక్కుని ఉండవు, శిలీంధ్రం తంతువుల గోడలకి బయటివైపున సన్నని స్ఫటికాలుగా పేరుకుని ఉంటాయి. అంత బయట ఉన్నవి నీళ్ళలో కరిగేవే అయితే మొదటి వానకే కొట్టుకుపోవాలి, ఏళ్ళ తరబడి బండమీద నిలిచేవి కావు.

ఒక్క ముక్క గాజు పలకమీద పెట్టి ఎసిటోన్ చుక్క వేసి చూడండి (దగ్గర్లో మంట ఉండకూడదు). చుక్క పాకిన మేరకు పసుపు పాకుతుంది, ఆరాక ముక్క చుట్టూ పసుపు వలయం మిగులుతుంది. పరైటిన్ అదే. ఆ వలయంమీద క్షారం చుక్క పడితే వెంటనే ఊదా ఎరుపుకి తిరుగుతుంది.

నీడ సంగతి కూడా ఈ పరైటిన్ దగ్గరికే వస్తుంది. అది పై పొరలో ఉండి నీలి కాంతిని, అతినీలలోహిత కాంతిని మింగేస్తుంది. లోపల ఉన్న శైవలానికి అదే గొడుగు. ఎండ ఎక్కువ తగిలే చోట ఎక్కువ తయారవుతుంది, నీడలో తక్కువ. నార్వేలో పరిశోధకులు ఎండిన గ్జాంథోరియాని ఎసిటోన్‌తో కడిగి పరైటిన్ మొత్తం తీసేశారు. పొడిగా ఉన్నప్పుడు కడిగితే లైకెన్ చావదు, అదే ఇందులో గొప్ప సంగతి. నారింజంతా పోయి బూడిదగా మిగిలినదాన్ని మళ్ళీ వెలుతురులో పెడితే, అతినీలలోహిత కాంతి తగిలినప్పుడు పరైటిన్ తిరిగి తయారుచేసుకుంది. నేను ఈ విషయం మొదటిసారి చదివినప్పుడు రోజంతా దాని గురించే ఆలోచించాను. ఒక జీవి చొక్కా విప్పినట్టు రంగు విప్పేసి మళ్ళీ నేసుకుంటుంది!

బూడిదదాని కథ వేరు. దాని దవ్వలో, అంటే లోపలి తెల్లటి దూదిలాంటి పొరలో, జైరోఫోరిక్ ఆమ్లం ఉంటుంది. దీనికి రంగు లేదు. ఆర్సెల్లినిక్ ఆమ్లం అనే చిన్న అణువులు మూడింటిని ఎస్టర్ బంధాలతో గొలుసుగా కడితే వచ్చేదే ఇది. రెండే కడితే లెకనోరిక్ ఆమ్లం. మీ సీసాలో జరిగిందేమిటంటే, అమ్మోనియా క్షారం కాబట్టి ముందు ఆ బంధాలని తెంచింది. విడిపోయిన ముక్కల్లోంచి కార్బన్ డయాక్సైడ్ పోయి ఆర్సినాల్ మిగిలింది. దానికీ రంగు లేదు, అందుకే మూడు రోజులు మట్టినీళ్ళు. ఆ తర్వాత ఆర్సినాల్ గాలిలోని ఆక్సిజన్‌తో, అమ్మోనియాతో కలిసి, దాని అణువుల్లోని కార్బన్ వలయాలు ఒకదానితో ఒకటి అతుక్కుని ఆర్సీన్ అనే రంగుగా మారింది. ఆర్సీన్ అంటే ఒకే పదార్థం కాదు, దగ్గర చుట్టాలైన కొన్నిటి మిశ్రమం. ఆ రంగు అణువులో ఉండే నైట్రోజన్ లైకెన్‌ది కాదు, మీరు పోసిన అమ్మోనియాలోంచి వచ్చింది. మీరు చూసిన ఎర్రగీత సరిగ్గా గాలి తగిలేచోటే ఎందుకు పుట్టిందో ఇప్పుడు తెలిసిపోతుంది. సీసా కుదపకుండా, మూత తీయకుండా ఉంచేస్తే ఎన్ని వారాలైనా అంత రంగు రాదు.

అంటే మీ ఊదా లైకెన్‌లో ఉన్న రంగు కాదు. లైకెన్ ముడిసరుకు ఇచ్చింది, రంగు సీసాలో తయారైంది.


దారం_రంగు

వలయం_ఆరు గారు చెప్పిన తర్వాత కెమిస్ట్రీలో నేను కలిపేది ఏమీ లేదు, అద్దకం వైపు నుంచి రెండు మాటలు. నేను ఉన్నికి, పట్టుకి లైకెన్ రంగులు వేస్తుంటాను.

ఈ అమ్మోనియా పద్ధతి చాలా పాతది. అమ్మోనియా సీసాల్లో దొరకని కాలంలో నిలవ మూత్రం వాడేవాళ్ళు, పని అదే. యూరప్‌లో సముద్రపు కొండచరియలమీద పెరిగే రోసెల్లా లైకెన్ నుంచి తీసిన ఊదాకి వందల ఏళ్ళు పెద్ద గిరాకీ ఉండేది, కెనరీ దీవులనుంచి ఓడల్లో తెచ్చుకునేవాళ్ళు. ఫ్లోరెన్స్‌లో రుచెల్లాయ్ అనే సంపన్న కుటుంబానికి ఆస్తీ, పేరూ రెండూ ఈ వ్యాపారంతోనే వచ్చాయంటారు. స్కాట్లాండ్‌లో కత్‌బర్ట్ గోర్డన్ అనే ఆయన 1758లో ఇలాంటి పద్ధతికే పేటెంట్ తీసుకుని, తయారైన రంగుపొడికి కడ్‌బేర్ అని పేరు పెట్టాడు, అది ఆయన తల్లి ఇంటిపేరు కత్‌బర్ట్ నుంచి వచ్చింది. 1829లో ఫ్రెంచ్ రసాయనవేత్త రొబికే ఆర్సినాల్‌ని విడిగా తీసి చూపించేదాకా సీసాలో అసలేం జరుగుతోందో ఎవరికీ తెలీదు. 1856లో ఇంగ్లీషు రసాయనవేత్త పెర్కిన్ కృత్రిమ ఊదా తయారుచేశాక, కొన్ని దశాబ్దాల్లోనే ఈ వ్యాపారం సన్నగిల్లిపోయింది.

రాళ్ళబాట గారూ, మీ దారం గురించి ముందే చెప్తున్నా, బాధపడొద్దు: ఈ ఊదా ఎండకి నిలవదు. ఉన్నిమీద, పట్టుమీద రంగు పట్టించడానికి వాడే పటిక కూడా అక్కర్లేకుండా పట్టేస్తుంది, కానీ కిటికీ దగ్గర పెడితే కొద్ది వారాల్లోనే వెలిసిపోవడం కనిపిస్తుంది. నూలుకైతే సరిగ్గా పట్టను కూడా పట్టదు. నేను మొదటిసారి అద్దిన పట్టుముక్కని గోడకి తగిలించి, తర్వాత తీసి చూసినప్పుడు మడతలోపల వంకాయ రంగు, బయట వెలసిన గులాబీ. ఆ రోజు నిజంగా ఏడుపొచ్చింది. ఇప్పుడు అవన్నీ పెట్టెలో మడిచి ఉంచుతాను.

ఎండకి నిలిచే రంగు కావాలంటే పార్మీలియా జాతులు చూడండి, బూడిద రంగువే, వాటిని దారంతో కలిపి నీళ్ళలో గంటల తరబడి మరిగిస్తే తుప్పు గోధుమ వస్తుంది. అది గట్టి రంగు. స్కాట్లాండ్ పల్లెల్లో ఉన్ని బట్టలకి వేసింది ఇదే, ఆ బట్టలకి లైకెన్ వాసన కూడా ఏళ్ళు ఉండిపోతుంది.


రాళ్ళబాట

చాలా థాంక్స్ అండీ ఇద్దరికీ. ఎసిటోన్ పని చేశాను, పసుపు వలయం అచ్చంగా మీరు చెప్పినట్టే వచ్చింది, దానిమీద కాస్టిక్ సోడా నీళ్ళు పుల్లతో తాకిస్తే తాకినంత మేర బీట్‌రూట్ రంగు. మా ఇంట్లో అందర్నీ పిలిచి చూపించాను. మిగిలిన ఊదా ద్రావణంలో వెనిగర్ చుక్కలు వేస్తే ఎరుపుకి తిరిగింది, మళ్ళీ సోడా వేస్తే నీలంవైపు వచ్చింది. అయితే ఇదే లిట్మసా?

ఇంకో సందేహం. కింద పడ్డ బూడిద లైకెన్లు ఇంకా నాలుగైదు రకాలు ఉన్నాయి. ఏది ఊదా ఇస్తుందో ప్రతిదాన్నీ మూడు వారాలు సీసాలో పెట్టకుండా ముందే తెలుసుకునే దారి ఉందా?


చుక్కపరీక్ష

రెండో దానికి ముందు చెప్తాను, నాకు ఇష్టమైన విషయం అది. దారి ఉంది, ఒక్క చుక్క చాలు.

లైకెన్లని గుర్తుపట్టేవాళ్ళు వాడే చుక్క పరీక్షలు కొన్ని ఉన్నాయి. కె అంటే పొటాషియం హైడ్రాక్సైడ్ ద్రావణం, సి అంటే బ్లీచ్, అంటే సోడియం హైపోక్లోరైట్. కె వేసి వెంటనే అక్కడే సి వేస్తే దాన్ని కెసి అంటారు. మీకు కావలసింది సి. ముక్కని బ్లేడుతో పైపైన కొంచెం గీకి తెల్లటి దవ్వ బయటపెట్టి, అగ్గిపుల్ల కొసంత బ్లీచ్ తాకించండి. భూతద్దం కన్నుకి ఆనించి ముందే సిద్ధంగా ఉండండి, ఎందుకంటే జైరోఫోరిక్, లెకనోరిక్ ఆమ్లాలు ఉంటే గులాబీ నుంచి నిండు ఎరుపు ఒక్కసారి మెరిసి కొన్ని క్షణాల్లో మాయమైపోతుంది. తల తిప్పి చూసేలోపు పోతుంది, రాలేదనుకుంటారు. ఎరుపు వచ్చిందా, అది సీసాలో ఊదా ఇచ్చే రకమే. బ్లీచ్ పాతబడితే పనిచేయదు, కొత్తది తీసుకుని, ముందు మీ అంబిలికేరియామీద వేసి అది పనిచేస్తోందో లేదో చూసుకోండి.

ఒక్కటి మాత్రం గట్టిగా గుర్తుపెట్టుకోండి. బ్లీచ్ ఉన్న బల్లమీదికి ఆ అమ్మోనియా సీసా తేవొద్దు. రెండూ కలిస్తే క్లోరమీన్ అనే విషవాయువు వస్తుంది. బ్లీచ్‌లో వెనిగర్ పడితే క్లోరిన్ వస్తుంది. మీ దగ్గర ఇప్పుడు మూడూ ఉన్నాయి, అందుకే టెన్షన్‌గా ఉంది నాకు. వేరువేరు రోజుల్లో, కిటికీలు తెరిచి చేసుకోండి. ఇంకో పరీక్షకి పారాఫెనిలిన్‌డయామిన్ వాడతారు, పసుపు నారింజ మరకలు వస్తాయి, అది ఒంటికి మంచిది కాదు, ఇంట్లో దాని జోలికి పోవద్దు.

కె, సి పరీక్షలని 1866లో మొదలుపెట్టింది విలియం నైలాండర్ అనే ఫిన్లాండ్ శాస్త్రవేత్త. పారిస్‌లోనే ఉండి పనిచేశాడు. ఆ మరుసటి ఏడాదే స్విట్జర్లాండ్‌కి చెందిన ష్వెండెనర్, లైకెన్ అంటే ఒక జీవి కాదు, శిలీంధ్రం, శైవలం కలిసి ఉన్న కాపురం అని చెప్పాడు. నైలాండర్ చివరిదాకా ఒప్పుకోలేదు. లైకెన్ లోపల ఉన్న రసాయనాన్ని ఒక్క చుక్కతో పట్టుకున్న మనిషి, ఆ రసాయనాన్ని చేస్తున్నది ఎవరో ఒప్పుకోకుండానే పోయాడు. నాకు ఆయనంటే గౌరవం తగ్గలేదు, కానీ ఈ సంగతి గుర్తొచ్చినప్పుడల్లా మనసు చివుక్కుమంటుంది.

మైక్రోస్కోప్ ఉంటే ఇంకా బాగుంటుంది. నార్‌స్టిక్టిక్ ఆమ్లం ఉన్న లైకెన్ నుంచి పలచటి ముక్క కోసి అద్దంమీద పెట్టి కె వేస్తే ముందు పసుపు మబ్బులా విచ్చుకుంటుంది, తర్వాత ఆ పసుపులోంచి ఎర్రటి సూదులు గుత్తులు గుత్తులుగా పెరుగుతాయి, కంటిముందే.


వలయం_ఆరు

లిట్మస్ ప్రశ్నకి: దగ్గర చుట్టం, కానీ అదే కాదు. ముడిసరుకు ఒకటే, రోసెల్లా లాంటి లైకెన్లు. లిట్మస్ కోసం అమ్మోనియాతో పాటు పొటాష్, సున్నం లాంటివి కూడా కలిపి ఇంకా ఎక్కువ కాలం పులియబెడతారు, దాంతో అణువులు మరింత పెద్దవిగా అతుక్కుని ఊదా కాస్తా నీలంవైపు పోతుంది. పీహెచ్ 4.5 కంటే కిందైతే ఎరుపు, 8.3 పైనైతే నీలం, మధ్యలో ఊదా. మీది ఆర్సీన్, అదీ ఆమ్లానికి ఎర్రబడుతుంది. మైక్రోస్కోప్ కింద క్రోమోజోములకి వేసే ఎసిటో ఆర్సీన్ రంగులో ఉండేదీ ఈ ఆర్సీనే. ల్యాబ్‌లో చేసినవాళ్ళ వేళ్ళకి ఆ మరక ఎన్ని రోజులు ఉంటుందో తెలిసే ఉంటుంది.


పచ్చనాచు

నేను తప్పు చెప్పాను, సవరించినందుకు థాంక్స్ అండి. ఒకటి అడగాలి. ఎండకి గొడుగు సరే, అది పై పొరలో రంగున్నవాటికి. లోపల దవ్వలో, వెలుతురు కూడా సరిగా అందని చోట, రంగు లేని ఆమ్లం దాచుకుని లైకెన్‌కి ఏం లాభం? ఊరికే తయారుచేయదు కదా.


వలయం_ఆరు

మంచి ప్రశ్న. ఊరికే కాదు, అది ఖర్చుతో కూడిన పని. కొన్ని లైకెన్లలో ఎండిన బరువులో 10 శాతం దాకా ఈ పదార్థాలే ఉంటాయి. ఏడాదికి మిల్లీమీటరు కూడా పెరగనివి ఉన్నాయి, అలాంటి జీవి తన కార్బన్‌లో అంత భాగం వీటికి పెడుతోందంటే అవసరం గట్టిదే అయుండాలి.

ఎక్కువ ఆధారాలున్న కారణం, ఎవరూ తినకుండా కాపాడుకోవడం. నత్తల ముందు మామూలు లైకెన్, ఎసిటోన్‌తో కడిగిన లైకెన్ పక్కపక్కన పెడితే కడిగినదాన్నే ఎక్కువ మేస్తాయి. లెథారియా వల్పినా అనే పచ్చపసుపు లైకెన్‌లో వల్పినిక్ ఆమ్లం ఉంటుంది, స్కాండినేవియాలో దాన్ని మాంసంలో కలిపి తోడేళ్ళకీ నక్కలకీ విషంగా పెట్టేవాళ్ళు. వల్పినా అనే పేరే లాటిన్‌లో నక్కనుంచి వచ్చింది. 2004లో అమెరికాలోని వ్యోమింగ్‌లో నేలమీద పెరిగే ఒక లైకెన్ తిని వందల ఎల్క్ జింకలు కాళ్ళు పడిపోయి చనిపోయాయి. మరోవైపు రెయిన్‌డీర్‌లు చలికాలమంతా ఉస్నిక్ ఆమ్లం అనే పదార్థం ఉన్న క్లాడోనియా లైకెన్లే తింటాయి, వాటి కడుపులో సూక్ష్మజీవులు ఆ ఆమ్లాన్ని విరిచేస్తాయి.

ఉస్నిక్ ఆమ్లం పేరొచ్చింది కాబట్టి ఈ మాట చెప్పకుండా ఉండలేను. ఇది కొన్ని రకాల బ్యాక్టీరియామీద బాగా పనిచేస్తుంది, పైపూత మందుల్లో వాడారు. కానీ బరువు తగ్గడానికని లోపలికి తీసుకున్నవాళ్ళలో కాలేయం దెబ్బతింది, 2001లో అమెరికా ఆహార, ఔషధ నియంత్రణ సంస్థ ఎఫ్‌డీఏ అలాంటి ఒక ఉత్పత్తిమీద హెచ్చరిక కూడా ఇచ్చింది. సహజమైనది కదా అని ఎవరూ లైకెన్ కషాయాలు తాగొద్దు దయచేసి.


రాళ్ళబాట

ఐదు రకాలకీ చుక్క వేశాను. అమ్మోనియా సీసా వేరే గదిలో పెట్టి తలుపేశాకే బ్లీచ్ తీశాను, చుక్కపరీక్ష గారూ, నిశ్చింతగా ఉండండి. నాలుగింటికి ఏమీ రాలేదు. ఐదోది బెరడుమీద పొక్కుల్లా పెరిగిన బూడిద తెలుపు రకం, అసలు ఆశలేకుండా తాకించాను. గీకిన చోట రక్తం చుక్కలా ఎర్రబడి, నేను ఊపిరి వదిలేలోపు పోయింది. మళ్ళీ పక్కన ఇంకోచోట వేసి చూశాను, మళ్ళీ వచ్చింది.

అది మొత్తం కలిపినా చెంచాడు కూడా లేదు. అందుకే చిన్న సీసా తీసుకున్నాను, మందులకి వాడేది. ఈ రోజే వేశాను.


దారం_రంగు

చెంచాడు చాలు, రెండు మూరల పట్టుదారం వస్తుంది. సీసా సగానికి మించి నింపకండి, పైన గాలి ఉండాలి. మొదటి వారం రోజూ మూత తీసి పెట్టండి.